కళాప్రపూర్ణ జీవితం – భానుమతీ రామకృష్ణ

నటీమణికి కీర్తి లభించడం అరుదైన విషయం కాదు. కాని, తాను నటించే కథను తానే తీర్చిదిద్దగల అధికారం లభించడం మాత్రం అరుదే. అట్టి అధికారాన్ని స్వయంకృషితో సాధించిన తెలుగు మహిళలలో అగ్రగణ్యురాలు శ్రీమతి భానుమతీ రామకృష్ణ.

ఆమె 1925 సెప్టెంబరు 7వ తేదీన ఒంగోలు సమీపంలోని దొడ్డవరంలో జన్మించారు. తండ్రి బొమ్మరాజు వెంకటసుబ్బయ్యగారు సంగీతప్రియులు. 1939లో సి. పుల్లయ్యగారి దర్శకత్వాన వెలువడిన 'వరవిక్రయం' ఆమె తొలి చిత్రం. అందులో ఆమె ధరించినది కాళింది పాత్ర. వరకట్నపు వివాహాన్ని కాదనడానికి ప్రాణత్యాగం తప్ప అన్య మార్గమెరుగని బాలిక కాళింది. కాళిందిగా తెరపైకి వచ్చిన ఆ బాలికయే అనంతర కాలంలో పదిమందిని శాసించే స్థానాన్ని అధిష్ఠించడం విశేషం.

1943లో 'కృష్ణప్రేమ' చిత్రానికి సహాయ దర్శకులుగా పనిచేసిన పి. ఎస్. రామకృష్ణారావుగారిని ఆమె వివాహమాడారు. బి. ఎన్. రెడ్డిగారి 'స్వర్గసీమ' (1945), 'మల్లీశ్వరి' (1951) చిత్రాలు ఆమె నటనకు, గానానికి శాశ్వత యశస్సును చేకూర్చాయి. దంపతులు తమ కుమారుని పేర 'భరణి' చిత్రనిర్మాణ సంస్థను నెలకొల్పారు. అరబ్బు దేశాన పుట్టి, పారశీక కవి నిజామీ కలం ద్వారా పారశీక సాహిత్యానికి సంక్రమించిన లైలా మజ్నూల ప్రణయగాథ 1949లో ఆ సంస్థ ద్వారానే తెలుగు తెరను అలంకరించింది.

1953లో 'చండీరాణి' చిత్రాన్ని ఆమె స్వయంగా దర్శకత్వం వహించి, ద్విపాత్రాభినయం చేసి తెలుగు, తమిళ, హిందీ భాషలలో రూపొందించారు. తెలుగు చిత్రసీమలో తొలి దర్శకురాలిగా ఆమెను పరిగణిస్తారు. అంతకు పూర్వమే, 1926లో, 'బుల్‌బుల్-ఎ-పరిస్తాన్' చిత్రంతో భారతదేశపు ప్రథమ దర్శకురాలైన ఫాత్మాబేగం కూడా సొంత సంస్థను స్థాపించుకున్నవారే. ఇతరులు పీఠం వేసి పిలుస్తారని ఈ ఇరువురూ ఎదురుచూడలేదు.

ఆత్మాభిమానానికి మూల్యం లేకపోలేదు. 'మిస్సమ్మ' (1955) చిత్రీకరణ కొంత జరిగిన పిదప నిర్మాతతో భేదాభిప్రాయం ఏర్పడగా ఆమె తప్పుకొన్నారు. ఆ పాత్ర సావిత్రిగారికి దక్కి, ఆమెను అగ్రతారగా నిలిపింది. భానుమతిగారికి ఒక గొప్ప పాత్ర చేజారినా, సొంత సంస్థ, సొంత గళం, సొంత కలం ఉన్నందున ఆమె ప్రతిష్ఠకు లోటు రాలేదు.

'అత్తగారి కథలు' రచించి హాస్య సాహిత్యంలో స్థానం సంపాదించారు. 'అంతా మన మంచికే' (1972), బాలబాలికలతో 'భక్త ధ్రువ మార్కండేయ' (1982) చిత్రాలకు దర్శకత్వం వహించారు. 1966లో పద్మశ్రీ, 2001లో పద్మభూషణ్ పురస్కారాలు ఆమెను వరించాయి. 2005 డిసెంబరు 24వ తేదీన చెన్నైలో కన్నుమూశారు.

మేడ్చల్, శామీర్‌పేట పల్లెల నుండి బస్సులలో వచ్చి చదువుకొనే మన విద్యార్థినులలో గళం, కలం రెండూ గలవారు ఉన్నారు. వార్షికోత్సవ నాటకంలో పాత్ర ధరించడంతో వారిని సరిపెట్టక, నాటకం రచించి నడిపించే బాధ్యతను కూడా వారికే అప్పగించవలసిందిగా కళాశాల కార్యవర్గానికి నా మనవి. కాళిందిలో మరుగుపడిన దర్శకురాలిని గుర్తించడమే విద్యాలయపు ధర్మం కదా!