గోలు ముందు నిలిచిన సిపాయి

ఉగాది సంచికలో ఒక కవిదో, దేశభక్తునిదో జీవితము వేయుట మన సంఘములకు అలవాటు. ఈసారి ఒక బంతియాటగాని జీవితము వ్రాస్తున్నాము. ఇందుకు కారణము మన చాళ్ళలోని పిల్లలే. 2024లో వచ్చిన మైదాన్ అనే హిందీ చిత్రము చూచివచ్చి, అందులో గోలు ముందు నిలబడిన ఆ పొడుగాటి మనిషి ఎవరని మమ్ము అడిగారు. పీటర్ తంగరాజ్ అని, హైదరాబాదు మనిషి అని చెప్పాము. అయితే మనవాడేనా అని రెండవ ప్రశ్న వేశారు. దానికి మేము కొంచెము తడబడిన మాట నిజము.

తంగరాజ్ 1935లో హైదరాబాదులో పుట్టాడు. పేరు తమిళుల పేరు, పెరిగినది మన జంటనగరాలలో. ఇటువంటివారు లష్కరులో ఎందరో. ఇంగ్లీషు పటాలములు దిగిన ఊరు కనుక సికింద్రాబాదుకు ఆ పేరు వచ్చింది. ఆ పటాలముల వెంట అరవవారు వచ్చారు, కన్నడిగులు వచ్చారు, అందరూ కలిసి అక్కడివారే అయిపోయారు. కామాఠీపురలో ఉన్న మనకు ఇది కొత్త సంగతి కాదు. రాళ్ళు కొట్టి, మట్టి మోసి ఈ నగరాన్ని కట్టడానికి వచ్చిన మన తాతముత్తాతల సంతానాన్ని బొంబాయిలో ఇప్పటికీ తెలుగువారంటారు; ఊరికి పోతే బొంబాయివాళ్ళు వచ్చారంటారు. మనిషి ఏ ఊరివాడో తేల్చే అధికారము మాకెవ్వరూ ఇవ్వలేదు. పిల్లలకు మాత్రం మనవాడే అని చెప్పివేశాము.

లష్కరులో ఫుట్‌బాలు సిపాయిల ఆటగానే వచ్చింది. తెల్ల సిపాయిలు ఆడుతుండగా చుట్టూ నిలబడి చూచిన కుర్రవాళ్ళు ఆట పట్టుకున్నారు. తంగరాజ్ సికింద్రాబాదులోని మార్నింగ్ స్టార్, ఫ్రెండ్స్ యూనియన్ క్లబ్బులలో ఆడాడు. 1953లో సైన్యములో చేరి, నీలగిరులలో వెల్లింగ్టన్‌లో ఉన్న మద్రాసు రెజిమెంటు కేంద్రానికి పోయాడు. అప్పటికి ఆయన గోలు కాచేవాడు కాదు, గోలు కొట్టేవాడు, సెంటర్ ఫార్వర్డు. ఆరడుగులు దాటిన ఆ ఎత్తు, ఆ పొడవాటి చేతులు గోలులో ఎక్కువ పనికివస్తాయని అక్కడ తేలింది. గోలు వెడల్పు 24 అడుగులు, ఎత్తు 8 అడుగులు. అందులో నిలబడిన మనిషి ఎంత పొడుగైతే ఎదుటివానికి గోలు అంత చిన్నదిగా కనిపిస్తుంది.

ఆ రోజుల గోలు కాపు నేటిది కాదు. తోలు బంతి వానలో తడిస్తే రాయిలాగ బరువెక్కేది. గోల్ కీపరును భుజముతో నెట్టినా రెఫరీ ఊరకుండేవాడు. ముందు వరుసవాడు పది తప్పులు చేసి ఒక్క గోలు కొడితే ఊరంతా భుజాలకెత్తుకుంటుంది. గోలు కాచేవాడు పది ఆపి ఒకటి వదిలితే ఆ ఒక్కటే చెప్పుకుంటారు. ఈ అన్యాయము ఇప్పటికీ ఉన్నదని మా అభిప్రాయము.

ప్రపంచములో సిపాయి అయిన గోల్ కీపరు ఈయన ఒక్కడే కాదు. వేల్స్ దేశపు లీ రిచ్మండ్ రూస్ అనే ప్రఖ్యాతుడుండేవాడు. గోల్ కీపరు సగము మైదానము దాకా బంతిని చేతితో పట్టవచ్చునన్న ఆనాటి నియమాన్ని అతడు యథేచ్ఛగా వాడుకున్నాడు. 1912లో ఆ నియమాన్ని మార్చారు. 1916లో అతడు సోమ్ యుద్ధములో హతుడైనాడు. మన తంగరాజ్‌ను సైన్యము బంతి దగ్గరే నిలబెట్టింది.

మద్రాసు రెజిమెంటు కేంద్రము 1955లోను, మళ్ళీ 1958లోను డ్యూరాండ్ కప్పు గెలిచింది. 1960 సంతోష్ ట్రోఫీ పోటీలలో సర్వీసెస్ టీము మొట్టమొదటిసారి గెలిచినప్పుడు దానికి నాయకుడు తంగరాజ్. 1958లో ఆసియాలోనే ఉత్తమ గోల్ కీపరన్న పేరు వచ్చింది.

ఇక్కడ బొంబాయి సంగతి ఒకటి చెప్పవలెను. 1950 నుండి 1954 వరకు వరుసగా ఐదేండ్లు హైదరాబాదు సిటీ పోలీసువారు కూపరేజి మైదానములో రోవర్స్ కప్పు గెలిచారు. వారిని తీర్చిదిద్దినవాడు సయ్యద్ అబ్దుల్ రహీమ్. మిల్లు షిఫ్టు దిగి, మొగమైనా కడుక్కోక ఆ ఆటలు చూడబోయిన సంగతి మా పెద్దలు చెప్పగా విన్నాము. గెలిచినది పోలీసువారైనా ఆ రాత్రి చాళ్ళలో పండుగేనట. ఆట ఒక్కటే తిండిపెట్టే కాలము కాదది. పోలీసో, సైన్యమో, రైల్వేయో ఉద్యోగమిస్తే ఆడేవారు. బొంబాయిలో టాటావారికీ, మఫత్‌లాల్ మిల్లులవారికీ టీములుండేవి. బంతి బాగా తన్నితే కొలువు దొరుకుతుందన్న ఆశతో పిల్లవాణ్ణి గ్రౌండుకు పంపిన తండ్రులు మనలోనూ లేకపోలేదు.

ఆ రహీమ్ గారే భారతదేశపు టీముకు శిక్షకుడు. 1956 మెల్బోర్న్ ఒలింపిక్సులో మన దేశము నాలుగవ స్థానము పొందిన టీములో తంగరాజ్ ఉన్నాడు. బలరాం, లతీఫ్, అజీజ్, నూర్, జుల్ఫికరుద్దీన్ వంటి హైదరాబాదు ఆటగాళ్ళూ ఉన్నారు. 1960లో రోములో గోలు ఆయనదే. హంగరీతో 1-2 ఓడి, ఫ్రాన్సుతో 1-1 సమముగా ముగించి, పెరూతో 1-3 ఓడివచ్చారు.

ఇక 1962 జకార్తా. ఆసియా క్రీడలకు ఇస్రాయెల్, తైవాన్ దేశాలను రానీయకపోవుట తప్పని మన దేశపు ప్రతినిధి జి. డి. సోంధీ పలికినందుకు అక్కడి జనము మనవారిపై మండిపడింది. బస్సు దిగాలంటే భయము. మొదటి ఆటలోనే దక్షిణ కొరియా చేతిలో 0-2 ఓటమి. తరువాత థాయిలాండునూ, జపానునూ, దక్షిణ వియత్నామునూ గెలిచి సెప్టెంబరు 4న మళ్ళీ ఆ కొరియాతోనే ఫైనలుకు వచ్చారు. తంగరాజ్ జ్వరపడినందున నడుమ ప్రద్యుత్ బర్మన్ గోలు కాచాడు, చక్కగానే కాచాడు. అయినా ఫైనలుకు రహీమ్ గారు తంగరాజ్‌నే నిలిపాడు. కొరియావారు బంతిని ఎత్తి వేసి తలతో కొట్టే ఆట ఆడతారు. అక్కడ ఆ ఎత్తు కావలెను. బర్మన్‌కు ఎంత కష్టము కలిగి ఉండునో ఊహించవచ్చు. నిన్నటి మంచపు రోగి మీద భారము వేయుట శిక్షకునికీ సాహసమే. అప్పటికే రహీమ్ గారి ఒంటిలో కాన్సరు ఉన్నది.

లక్షమంది దాకా జనము, వారిలో మనకు జై కొట్టేవారు వేళ్ళమీద లెక్క. పాకిస్తాను హాకీ ఆటగాళ్ళు మాత్రము మన పక్షాన కేకలు వేశారు. తలకు కుట్లతో జర్నైల్ సింగ్ ముందు వరుసలో ఆడాడు. మొదటి ఇరవై నిమిషాలలోనే పి. కె. బెనర్జీ ఒకటి, జర్నైల్ ఒకటి కొట్టారు. తక్కినదంతా కాచుకొనుటే. ఆట ముగియవచ్చునప్పుడు కొరియా ఒకటి కొట్టింది. రెండవది పడలేదు. చూనీ గోస్వామి నాయకత్వములో 2-1తో బంగారు పతకము వచ్చింది. ఆసియా క్రీడల ఫుట్‌బాలులో ఆ తరువాత మనకు బంగారము రాలేదు. రహీమ్ గారు 1963 జూనులో కన్నుమూశాడు.

సైన్యము వదిలిన తంగరాజ్ కలకత్తాలో మొహమ్మడన్ స్పోర్టింగ్, మోహన్ బగాన్, ఈస్ట్ బెంగాల్ మూడు క్లబ్బులకూ ఆడాడు. ఆ మూడు క్లబ్బుల అభిమానులకు ఒకరంటే ఒకరికి పడదు; మూడు చోట్లా మెప్పు పొందుట సామాన్యము కాదు. 1966లో బాంకాక్ ఆసియా క్రీడలకు వెళ్ళాడు. 1967లో అర్జున పురస్కారము లభించింది. 1971లో ఆట చాలించాడు.

తరువాత శిక్షకుడై, నేటి జార్ఖండులోని బొకారో ఉక్కు కర్మాగారములో కుర్రవాళ్ళకు ఆట నేర్పుతూ అక్కడే స్థిరపడ్డాడు. లష్కరు, వెల్లింగ్టన్, కలకత్తా, చివరకు బొకారో; పొట్టకూటి కోసము ఊళ్ళు మారినవారికి ఈ దారి తెలియనిది కాదు. 2008 నవంబరు 24న గుండె ఆగి బొకారోలోనే మరణించాడు. అప్పటికి ఆయనకు 72 ఏండ్లు.