గాజు పలకల మీద ఓరుగల్లు

వేయిస్తంభాల గుడి ముందు ఫొటో దిగని విద్యార్థి మన కాలేజీలో ఉన్నాడంటే నేను నమ్మను. నేనూ దిగినవాణ్ణే. కానీ వందేళ్ళకు పైబడి ముందే ఆ గుడి ముందు కెమెరా నిలబెట్టిన మహానుభావుడు ఒకాయన ఉన్నాడని నాకు తెలిసింది మాత్రం చదువు ముగిసే రోజుల్లోనే. ఆయన రాజా దీన్ దయాళ్.

తెలుగువాడు కాడు. 1844లో మీరట్ దగ్గర సర్ధనాలో జైన కుటుంబంలో పుట్టాడు. రూర్కీలో ఇంజనీరింగు చదివి, 1866లో ఇండోరులో సర్కారు కొలువులో చేరాడు. పటాలు గీయడం, అంచనాలు వేయడం ఆయన పని. కెమెరా పట్టింది 1874లో, ముప్ఫయ్యేళ్ళ వయసులో. డిగ్రీ చేతికి రాగానే దారి దొరకలేదని బెంగపెట్టుకునే మిత్రులు ఈ సంగతి గమనించాలి! ఆ తర్వాత పదకొండేళ్ళకు ఆరో నిజాం మహబూబ్ అలీఖాన్ ఆస్థాన ఫొటోగ్రాఫరయ్యాడు. సికింద్రాబాదులో స్టూడియో పెట్టాడు. పరదా స్త్రీల కోసం 1892లో విడిగా ఒక స్టూడియో తెరిచి, దాన్ని ఒక ఆంగ్లేయ స్త్రీ చేతికప్పగించాడు.

జేబులోంచి ఫోను తీసి నొక్కినంత సులువు కాదండీ ఆనాటి పని. కర్ర కెమెరా, మూడుకాళ్ళ స్టాండు, పెట్టెల నిండా గాజు పలకలు. పెట్టె జారిందంటే ఆ పూట శ్రమంతా గాజుపెంకులే. చీకటిగదిలో కడిగేదాకా బొమ్మ పడిందీ లేనిదీ తెలియదు. ఆ సరంజామాతోనే ఆయన కోటలకూ, కరువు పనులకూ, అడవులకూ వెళ్ళాడు.

1902 ఏప్రిల్‌లో మన నెక్కొండ దగ్గరి అడవికీ వచ్చాడు. వైస్రాయ్ కర్జన్ పులివేటకు దిగాడు. అంతకు కొద్దిరోజుల ముందే హైదరాబాదులో నిజాంను కూర్చోబెట్టి బేరారును శాశ్వత కౌలుకు ఒప్పించిన దొర ఆయనే. చచ్చిన పులి, దాని వెనుక దొరా, దొరసానీ. చక్కటి వెలుగు, తిరుగులేని ఫొటో. కానీ అది చూసినప్పుడల్లా నాకు మా నాయనమ్మ గుర్తొస్తుంది. దొరలు వేటకొస్తే మగవాళ్ళందర్నీ వెట్టికి పిలిచి, డప్పులు కొట్టించి, జంతువుల్ని తోలించేవాళ్ళని ఆమె చెప్పేది. ఆ మనుషుల పేర్లు ఏ ఫొటో కిందా లేవు. దీన్ దయాళ్‌ను తప్పుపట్టాలా అని చాలాసార్లు అనుకున్నాను. ఔరంగాబాదు కరువునూ తీసినవాడాయన. అదీ సర్కారు చేసిన మేలు చూపడానికే అనుకోండి. అయినా ఆ బక్కచిక్కిన మనుషులు గాజుమీద మిగిలారు.

1904లో కొడుకు ధరమ్‌చంద్ పోయాడు. మరుసటేడు ఆయనా వెళ్ళిపోయాడు. మూడువేలకు దగ్గరగా పలకలను 1989లో ఢిల్లీలోని ఇందిరాగాంధీ కళాకేంద్రం కొనుక్కుంది.

కిందటేడు నెక్కొండ స్టేషన్‌లో దిగి, దొర డేరాలు వేసిన చోటేదని అడిగాను. ఎవ్వరికీ తెలియదు. ఒక పెద్దాయన మాత్రం, ఈ పత్తిచేలల్లో పులేంది బిడ్డా అని నవ్వి, చాయ్ తాగి పొమ్మన్నాడు.