జైల్లోనే వకాలత్ నేర్చుకున్న షాహిద్ ఆజ్మీ

2010 ఫిబ్రవరి 11 రాత్రి. ముంబయి కుర్లాలోని టాక్సీమెన్ కాలనీ. కేసు మాట్లాడాలంటూ వచ్చినవాళ్లు అడ్వకేట్ షాహిద్ ఆజ్మీని ఆయన ఆఫీసులోనే కాల్చి చంపారు. అప్పటికి ఆయన వయసు 32 ఏళ్లు. లాయరుగా పనిచేసింది ఏడేళ్లే. ఆ కొద్దికాలంలోనే 17 మందిని నిర్దోషులుగా బయటికి తెచ్చారు.

షాహిద్ 1977లో ముంబయిలో పుట్టారు. కుటుంబం ఆజంగఢ్ నుంచి వచ్చింది. 1992-93 అల్లర్లను టీనేజ్‌లో కళ్లారా చూశారు. ఆ ఆవేశంలో కశ్మీర్‌లోని ఒక శిక్షణ శిబిరానికి వెళ్లారు. ఆ దారి తనది కాదని తెలుసుకుని కొద్దికాలానికే ఇంటికి తిరిగొచ్చేశారు. 1994లో పోలీసులు టాడా కింద అరెస్టు చేశారు. నాయకుల హత్యకు కుట్ర పన్నారన్నది ఆరోపణ. తాను ఇవ్వని వాంగ్మూలమే ఆధారంగా అయిదేళ్ల శిక్ష పడింది.

తిహార్ జైల్లో ఆయన కుంగిపోలేదు. డిగ్రీ చదువు మొదలుపెట్టారు. తోటి ఖైదీల కేసు కాగితాలు చదివి సాయం చేశారు. చివరికి నిర్దోషిగా 2001లో బయటపడ్డారు. ఆ తర్వాత లా చదివారు. పత్రికలో సబ్‌ఎడిటర్ ఉద్యోగం వదులుకుని, నెలకు 2,000 రూపాయలకు సీనియర్ లాయర్ మజీద్ మెమన్ దగ్గర జూనియర్‌గా చేరారు.

సొంతంగా ప్రాక్టీసు పెట్టాక, ఎవరూ ముట్టుకోని కేసులే ఎక్కువగా తీసుకున్నారు. 2002 ఘాట్కోపర్ బస్సు పేలుడు కేసులో పోటా కింద పట్టుకున్న యువకుణ్ణి విడిపించడం ఆయన తొలి పెద్ద విజయం. జమియతె ఉలమా న్యాయ సహాయంతో నడిచే కేసుల్లోనూ వాదించారు. పేదవాళ్ల దగ్గర ఫీజు అడిగేవారు కాదు. బెదిరింపులు వచ్చినా కేసులు వదల్లేదు.

26/11 దాడుల కేసులో ఫహీమ్ అన్సారీ తరఫున నిలబడ్డారు. అన్సారీ గీసిన మ్యాపు చనిపోయిన ఉగ్రవాది జేబులో దొరికిందని ప్రాసిక్యూషన్ చెప్పింది. బట్టలు నెత్తుటితో తడిసి ఉంటే జేబులోని కాగితానికి మాత్రం మరక ఎందుకు లేదన్నది డిఫెన్స్ ప్రశ్న. 2010 మేలో కోర్టు అన్సారీని నిర్దోషిగా తేల్చింది. 2012లో సుప్రీంకోర్టు కూడా ఆ తీర్పును ఖాయం చేసింది. ఆ మాట వినడానికి షాహిద్ లేరు.

2006 ముంబయి రైలు పేలుళ్ల కేసులోనూ ఆయన నిందితుల తరఫున పోరాడారు. ఆయన పోయాక, 2015లో 12 మందికి శిక్షలు పడ్డాయి, వారిలో అయిదుగురికి ఉరి. 2025 జూలైలో బాంబే హైకోర్టు ఆ శిక్షలన్నీ కొట్టేసింది. అప్పటికే ఒకరు జైల్లోనే చనిపోయారు. ప్రభుత్వం సుప్రీంకోర్టుకు అప్పీలుకు వెళ్లింది.

ఆయన జీవితంపై హన్సల్ మెహతా తీసిన సినిమా 2013లో థియేటర్లలో విడుదలైంది. ఆ సినిమాతో దేశమంతటికీ షాహిద్ పేరు తెలిసింది. కుర్లా బస్తీల్లోని తల్లులకు మాత్రం అంతకుముందే తెలుసు. వాళ్ల బిడ్డల్ని ఇంటికి తెచ్చిన వకీల్ ఆయనే.