పరదేశి మనుమడు – అడ్మిరల్ పీటర్ రేనియర్

మాండవిలో ఉన్న మనకు సముద్రం కనబడదు. అయినా మన తెలుగువారు ఎక్కువగా నివసించే రెండు రేవు పట్టణాలతో, విశాఖపట్టణంతోను అమెరికాలోని సియాటిల్‌తోను, సంబంధమున్న ఒక నావికాధికారిని గూర్చి తెలుసుకొనుట మంచిది.

1685లో ఫ్రాన్సు రాజు ప్రొటెస్టంటుల ఆరాధనా స్వేచ్ఛను రద్దు చేశాడు. వేలాది కుటుంబాలు ఇల్లు వాకిలి విడిచి పరదేశాలకు వెళ్ళిపోయాయి. అలా ఇంగ్లండు చేరిన కుటుంబాలలో రేనియర్ కుటుంబం ఒకటి. ఆ వలస వచ్చినవారి మనుమడే పీటర్. ఇతడు 1741లో శాండ్‌విచ్ అనే చిన్న రేవు పట్టణంలో జన్మించాడు.

1756లో నౌకాదళంలో చేరి, కొద్దికాలానికే ఇండియా సముద్రాలకు వచ్చాడు. 1778లో జమైకా దగ్గర ఒక అమెరికా ఓడతో పోరాడి తీవ్రంగా గాయపడ్డాడు. ఆ ఏడే కెప్టెన్ అయ్యాడు. 1794 నుండి 1805 వరకు ఇండియా సముద్రాలలోని బ్రిటిషు నౌకాదళమంతా ఇతని చేతి క్రింద ఉండేది. 1795లో ట్రింకోమలీ, 1796లో లవంగాలకు, జాజికాయకు పేరుపడ్డ అంబాయినా, బాండా దీవులు డచ్చివారి నుండి ఇతని వశమయ్యాయి. పట్టుకున్న సొత్తులో అధికారులకు వాటా ఇచ్చుట ఆనాటి పద్ధతి. రేనియర్ గొప్ప ధనవంతుడయ్యాడు.

1804 సెప్టెంబరు 15న విశాఖపట్టణం రేవులో లంగరు వేసియున్న ఇతని దళంలోని సెంచూరియన్ నౌకపై మూడు ఫ్రెంచి యుద్ధనౌకలు దాడి చేశాయి. రేనియర్ అక్కడ లేడు. సెంచూరియన్ బాగా దెబ్బతిన్నా లొంగలేదు. దానితో ఉన్న రెండు వర్తక ఓడలలో ఒకటి ఒడ్డుకు కొట్టుకుపోగా, మరొకటి శత్రువుల చేజిక్కింది.

రేనియర్ స్వదేశం వెళ్ళి 1805లో అడ్మిరల్ హోదా పొందాడు. 1807లో తన ఊరి నుండి పార్లమెంటుకు ఎన్నికై, 1808 ఏప్రిల్ 7న మరణించాడు. అతని ఆస్తి సుమారు 2,50,000 పౌండ్లు. అందులో పదియవ వంతు దేశపు అప్పు తీర్చుటకు వీలునామాలో వ్రాసిపెట్టాడు. తన యోగ్యతకు మించిన సంపద నౌకాసేవలోనే దొరికిందని అతడు ఎరిగియున్నాడు.

ఇక్కడ మనం ఆగి ఆలోచించాలి. ఆ ధనంలో కొంత పరాయి దీవుల పంట నుండి వచ్చినది. ఆ దీవులవారికి ఏ వంతూ వెళ్ళలేదు. అతని కృతజ్ఞత నిజమైనదే, కాని అది తనకు ఆశ్రయమిచ్చిన దేశం వరకే ఆగిపోయింది.

సియాటిల్ నుండి కనబడే 14,410 అడుగుల మంచుకొండకు 1792లో నావికుడు వాంకూవర్ తన మిత్రుడైన రేనియర్ పేరు పెట్టాడు. అక్కడి మూలవాసులు దానిని టకోమా అని పిలిచేవారు. పేరు పోగొట్టుకున్నవారిని కూడ జ్ఞాపకముంచుకొనుట, వలస వచ్చిన మనకు మరింత తగును.