వజ్రాన్ని కొలిచిన భగవంతంగారు

ఆదోని, ఎమ్మిగనూరు వారికి తొలకరి అనగానే తుగ్గలి, జొన్నగిరి చేలలో వజ్రాలు వెదికే జనం జ్ఞాపకానికి వస్తారు. దొరికిన రాతికి వెలకట్టేది వర్తకుడు. ఆ రాయి ఒత్తిడికి ఎంతవరకు లొంగుతుందో మొట్టమొదట కొలిచినవారిలో ప్రముఖులు ఆచార్య సూరి భగవంతంగారు. 1909లో గుడివాడలో జన్మించి, కలకత్తాలో రామన్‌గారివద్ద పరిశోధన నేర్చి, ఆంధ్ర విశ్వకళాపరిషత్తులో ఆచార్యులైనారు.

వజ్రం చిన్నది, వంచి చూడ వీలుకాదు. అందుచేత ఆయన, భీమసేనాచారిగారు కలిసి, ఒక అంచు పలుచగా, రెండవది మందంగా అరగదీసిన క్వార్ట్జ్ పలకతో చెవికందని ధ్వనులు పుట్టించి, వజ్రపు పలకగుండా పంపి, ఏ ధ్వని బాగుగా దాటుతున్నదో గమనించినారు. దానినిబట్టి 1946లో మూడు స్థితిస్థాపక స్థిరాంకాలను ప్రకటించినారు. 1957లో అమెరికాలో మెక్‌స్కిమిన్, బాండ్ మరింత సున్నితంగా కొలువగా, వానిలో ఒకటి మూడవ వంతుకు పడిపోయినది. మొదటి కొలతే లేకుంటే సవరణ దేనికి? ఆ ఏటనే భగవంతంగారు బెంగుళూరు విజ్ఞానసంస్థకు డైరెక్టరైనారు, 1989లో కీర్తిశేషులైనారు.