మంచునేల మనుషులను చూపిన ఫ్లాహర్టీ

కెనడా ఉత్తరమున హడ్సన్ అఖాతపు తీరములు సంవత్సరమున పెక్కు నెలలు మంచుతో కప్పబడి యుండును. ఆ నేలయందలి ఒక కుటుంబపు బ్రదుకును తెరపై నిలిపి, వాస్తవ చలనచిత్రమునకు బాట వేసినవాడు రాబర్ట్ ఫ్లాహర్టీ.

ఆయన 1884లో అమెరికాలోని మిచిగన్ రాష్ట్రమున జన్మించెను. తండ్రి గనుల వృత్తిలోనివాడు. బాల్యముననే ఫ్లాహర్టీ ఆయన వెంట అడవులలో సంచరించెను. 1910లో ఇనుపగనులను అన్వేషించుటకై హడ్సన్ అఖాతమునకు పోయెను. అచ్చట ఆయనకు దారి చూపి తోడుపడినవారు ఇనూయిట్ ప్రజలు. 1913 నాటి యాత్రకు ఒక కెమేరాను కొనిపోయెను. క్రమముగా గనులకంటె మనుషులే ఆయనకు ముఖ్యులైరి.

1916లో టొరంటో నగరమున సిగరెట్టు నిప్పు సోకి, సుమారు 30,000 అడుగుల ఫిలిము భస్మమయ్యెను. మిగిలిన ఒక్క ప్రతియు ఆయనకు తృప్తి నీయలేదు. దృశ్యములు కలవు గాని వానిని కలుపు మనిషి కథ లేదని గ్రహించి, ఒక్క కుటుంబమును ఆధారముగా గొని మరల తీయ నిశ్చయించెను.

1920లో ఒక బొచ్చు వర్తక సంస్థ ద్రవ్యసాయముతో ఇనుక్జువాక్ చేరెను. ఫిలిమును అచ్చటనే కడిగి, ఆ దృశ్యములను ఆ ప్రజలకే చూపెను. వారును ఉత్సాహముతో పనిలో పాలుగొనిరి. 1922లో 'నానూక్ ఆఫ్ ది నార్త్' విడుదలయై విశేషఖ్యాతి గాంచెను.

అయినను అందలి సర్వము యథార్థము కాదు. నానూక్ అసలు పేరు అల్లకరియల్లక్. తెరపై కుటుంబముగా కనబడినవారు నిజమునకు ఒక కుటుంబము కారు. ఇనూయిట్లు అప్పటికే తుపాకులు వాడుచుండగా, పూర్వపు ఈటెలతో వేటాడించెను. వెలుతురు కొరకు సగము మంచుయిల్లే కట్టించెను. చిత్రము విడుదలయైన కొలదికాలమునకే అల్లకరియల్లక్ మరణించెను. ఆకలి బాధచే మరణించెనని ప్రచారము జరిగినను, క్షయయే కారణమై యుండునని తరువాతి పరిశోధకుల అభిప్రాయము.

పిదప ఫ్లాహర్టీ సమోవా దీవులలో 'మోఆనా' (1926) తీసెను. ఐర్లండు చెంతనున్న అరాన్ దీవులలో తీసిన చిత్రము 1934లో వెలువడెను. అచ్చట ఏనాడో నిలిచిపోయిన సొరచేపల వేటను మరల నేర్పించి, భయంకరమైన కెరటములలో పడవలు నడిపించెను. వారి ప్రాణములను ప్రమాదమున పెట్టితినని తరువాత తానే ఒప్పుకొనెను. మైసూరులో కొంత చిత్రీకరించిన 'ఎలిఫెంట్ బాయ్' (1937) మావటి కుమారుడైన సాబును లోకమునకు పరిచయము చేసెను. 1951లో ఫ్లాహర్టీ కాలధర్మము నొందెను.

అంతరించుచున్న జీవనవిధానమును పదిలపరచవలెనను ఆయన తపన ఉదాత్తమైనది. కాని మనిషి తాత నాడెట్లు వేటాడెనో చూపుటతోడనే సత్యము పూర్తికాదు. ఆ మనిషి నేడెట్లు జీవించుచున్నాడో చూపుటయు సత్యమే. కెమేరా పట్టువానికి ఆయన గుణమును, లోపమును రెండును పాఠములే.