దామెర్ల రామారావు – మిగిలిన రంగులు

మన విశాఖలో సముద్రపు గాలి కిటికీ ఊచల్నే తినేస్తుంది. ఇక కాగితం మీద వేసిన నీటిరంగులు ఎన్నాళ్ళు నిలుస్తాయి? ప్రదర్శన అయిపోగానే మిత్రులు తమ బొమ్మల్ని చుట్టలు చుట్టి అల్మైరా పైకి ఎక్కించేస్తుంటే, నాకు దామెర్ల రామారావుగారు గుర్తుకొస్తారు.

ఆయన 1897 మార్చి 8న రాజమహేంద్రవరంలో జన్మించారు. చిన్నప్పట్నించీ పాఠాలకంటే బొమ్మల మీదే ధ్యాస. అక్కడి ప్రభుత్వ ఆర్ట్సు కళాశాల ప్రిన్సిపాలు ఆస్వాల్డ్ కూల్డ్రే దొరకు కూడా చిత్రలేఖనమంటే ప్రాణం. ఆ కుర్రవాడి చేతివాటం కనిపెట్టి, బొంబాయి జె.జె. చిత్రకళాశాలలో చేరేందుకు తోడ్పడ్డారు. 1916 నుంచి 1920 దాకా అక్కడ చదివి, రామారావుగారు తిరిగి సొంత ఊరికే వచ్చేశారు. 1923లో చిత్రకళాశాల స్థాపించారు. ‘సిద్ధార్థ రాగోదయం’, ‘పుష్పాలంకరణ’ వంటి చిత్రాలు వేశారు. 1924లో ఇంగ్లండులోని వెంబ్లీ ప్రదర్శన దాకా ఆయన పేరు పాకింది.

మరుసటి ఏడు, ఫిబ్రవరి 6న, మశూచి ఆయన్ని తీసుకుపోయింది. ఇరవై ఎనిమిదేళ్ళు నిండడానికి ఇంకా నెల రోజులుంది!

బొమ్మలు చెల్లాచెదురు కాకపోవడానికి కారకులు ఇద్దరు: భార్య సత్యవాణిగారు, మిత్రుడు వరదా వెంకటరత్నంగారు. (సత్యవాణిగారూ చిత్రకారిణే. ఈ సంగతి మనలో ఎంతమందికి తెలుసు?) వెంకటరత్నంగారు ఆ కళాశాలనూ, గ్యాలరీనీ తన ఇంటి పనిలాగే చూసుకున్నారు. నూనెరంగులు, నీటిరంగులు, పెన్సిలు స్కెచ్చులు నేటికీ రాజమండ్రిలో ఆయన పేరిట ఉన్న ప్రభుత్వ గ్యాలరీలో చూడవచ్చు.

అయితే ఒక్క లోటు మాత్రం ఎవరూ పూడ్చలేరు. ఆ రోజుల్లో మన ఊళ్ళల్లో రంగుల ఫోటో అందుబాటులో లేదు. వెలుతురు తగిలి నీటిరంగు వెలిసిపోతుంది, తేమకు కాగితం మచ్చలు పడుతుంది, వార్నీషు పసుపెక్కుతుంది. చిత్రం వేసిన రోజున ఆ చీర అంచు నీలం ఎంత నీలమో, బాగుచేసేవారు ఊహించుకోవలసిందే.

మనకు ఆ ఇబ్బంది లేదు గదా! బొమ్మ ఆరగానే ఫోటో తీయాలి. కెమెరాను బొమ్మకు సూటిగా నిలిపి, రెండు దీపాలు చెరో పక్క నుంచి ఏటవాలుగా వేస్తే మెరుపు కొట్టదు. పక్కనే రంగుల పట్టీ, స్కేలు పెడితే తర్వాత ఎప్పుడైనా అసలు రంగు సరిచూసుకోవచ్చు. ఒక్క పక్క దీపంతో ఇంకో ఫోటో తీస్తే పగుళ్ళు బయటపడతాయి. వెనకవైపు కూడా తీయాలి. సంతకం, తేదీ చాలాసార్లు అక్కడే ఉంటాయి. వేసినవారి పేరు, ఏడాది, కొలతలు, వాడిన రంగులు ఒక పుస్తకంలో ఎక్కించి, ఆ ఫోటోల ప్రతులు రెండు చోట్ల దాచాలి.

ఈ ఏడు ప్రదర్శన బొమ్మలు ఇంకా గోడల మీదనే ఉన్నాయి. ఆదివారం ఉదయం కెమెరా నేను తెస్తాను. దీపాలు పట్టుకునేందుకు ఇద్దరు కావాలి.